ఆడపడుచుల బిందె

పిల్లలు నవ్వితే చాలు, వాళ్లది ఏ ఊరో నేను చెప్పేస్తాను. ఇదేం గొప్పగా చెప్పుకునే విద్య కాదు. నేను సోషల్ టీచర్ని. దర్శి అవతల కాలువ గట్టు పక్కనున్న ఒక ఊరి హైస్కూల్లో పనిచేస్తాను. మా బడికి రెండు ఊళ్ల పిల్లలు వస్తారు. పై ఊరి పిల్లల పళ్లు తెల్లగా ఉంటాయి. కింది ఊరి పిల్లల పళ్ల మీద పసుపు చారలు, కొందరికి గోధుమరంగు మచ్చలు. ఆరో తరగతిలో ఉండగా వాళ్లు నోరారా నవ్వుతారు. ఎనిమిదికి వచ్చేసరికి నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుని నవ్వడం నేర్చుకుంటారు. ఆ చెయ్యి చూసినప్పుడల్లా నాకు ఒళ్లు మండుతుంది.

కారణం బోరు నీళ్లు. మా వైపు భూమిలో ఫ్లోరైడ్ ఎక్కువ. ఆ నీళ్లు తాగితే ముందు పళ్లు, తర్వాత మోకాళ్లు, ఆ తర్వాత నడుము. మా అత్తయ్య నడుము వంగిపోయింది వయసు వల్ల కాదు. మంచినీళ్ల చెరువు నిండిన ఏడు మాకు ఈ బాధ ఉండదు. చెరువు నిండాలంటే సాగర్ కుడికాలువ నీళ్లు బ్రాంచి కాలువలోకి రావాలి, అక్కణ్ణుంచి మా చిన్న కాలువలోకి దిగాలి, పై ఊరు దాటి మా దాకా రావాలి. ఆ పై ఊరు నా పుట్టిల్లు. కింది ఊరు నా అత్తిల్లు. ఆ రెండింటి మధ్యా ఒక ఇనప షట్టరు ఉంది. నా బతుకులో పెద్ద తగాదా అంతా దాని దగ్గరే జరిగింది.

షట్టరంటే మహా యంత్రమేమీ కాదు. కాలువకి అడ్డంగా రెండు సిమెంటు దిమ్మెలు, వాటి మధ్య ఒక ఇనప పలక, పలకకి మరచుట్ల కడ్డీ, ఆ కడ్డీ తిప్పడానికి ఒక హ్యాండిల్. పలక దించితే నీళ్లు నిలబడి పై ఊరి పొలాల్లోకి ఎక్కుతాయి. ఎత్తితే కిందికి, మా ఊరికి పారతాయి. కాలువ చూసే లస్కరుకి మైళ్ల కొద్దీ గట్టు ఉంది, ఎప్పుడో గాని కనపడడు. అందుకని ఆ హ్యాండిల్ మా నాన్న కాలం నుంచీ మా పుట్టింట్లోనే, వసారా మూలన గోడకి ఆనించి ఉండేది. చిన్నప్పుడు దాని మీద నా తడి రిబ్బన్లు ఆరేసుకునేదాన్ని. అది ఒక ఊరి గొంతు మీద పెట్టిన చెయ్యి అని అప్పుడు నాకేం తెలుసు?

నేను పుట్టకముందు ఆ షట్టరు దగ్గర రెండు ఊళ్ల మగాళ్లు కర్రలతో కొట్టుకున్నారట. తలలు పగిలాయట. అప్పుడు మా నాన్న మధ్యలో నిలబడి, "ఆ ఊరికి మనం ఇయ్యబళ్లేదు. ఆ ఊళ్లో ఉన్న మన ఆడపిల్లలకి ఇద్దాం" అన్నాడట. ఆ మాటతో కర్రలు దిగిపోయాయి. అప్పటి నుంచీ ఒక ఆచారం మొదలైంది. వేసవిలో మంచినీళ్ల కోసం కాలువ వదిలిన రోజున, పై ఊళ్లో పుట్టి కింది ఊరికి కాపురానికి వచ్చిన ఆడవాళ్లంతా తలా ఒక బిందె పట్టుకుని షట్టరు దగ్గరికి వెళ్తారు. వాళ్ల అన్నదమ్ములు కాలువలో దిగి ఆ బిందెలు నింపుతారు. పసుపు కుంకుమ పెట్టి, రవిక గుడ్డ చేతిలో పెడతారు. తర్వాత షట్టరు ఎత్తుతారు. దాన్ని ఆడపడుచుల బిందె అనేవాళ్లం.

నిజం చెప్పాలంటే నాకు ఆ రోజంటే పిచ్చి ఇష్టం. పెళ్లయిన మొదటి వేసవి మా అన్నయ్య పంచె మోకాళ్ల పైకి ఎగ్గట్టి, కాలువలో దిగి, నా బిందె తళతళా కడిగి నింపి నా చంకన పెట్టినప్పుడు నా కళ్లు చెమర్చాయి. మా వెనక నీళ్లు పారుతూ వచ్చేవి, మేం గట్టు మీద నడిచేవాళ్లం. ఆ గుంపులో పరుపుల అక్క కూడా ఉండేది. ఆమె దూదేకుల వాళ్ల ఆడపడుచు. పుట్టింది పై ఊళ్లో, మా వీధిలోనే. కాపురం మా కింది ఊళ్లో, మళ్లీ మా వీధిలోనే. మామూలు రోజుల్లో పరుపులు కుడుతుంది, మిరపకాయ కోతల కాలంలో కూలీల ముఠాకి మేస్త్రీ. ఆమె తమ్ముడు ఆమె బిందె నింపి మూర మల్లెపూలు పెట్టేవాడు. అందరికన్నా ఆమె బిందే పెద్దది. "నా తమ్ముడి నడుం పట్టెయ్యాల, అప్పుడు గుర్తుంటా వాడికి" అనేది.

ఇలా ఏళ్లు గడిచాయి. చెరువు ఒక ఏడు నిండేది, ఒక ఏడు సగంలోనే ఆగి మళ్లీ బోరు నీళ్లే గతయ్యేవి. కాలువలో ఉన్నదింతేనేమో అనుకున్నాం గానీ ఎవరికీ ఏ అనుమానమూ రాలేదు.

ఆ ఏడు పైన వానలు సరిగ్గా పడలేదు. డ్యాములో నీళ్లు తక్కువ. ఇంకేముంది, రోజూ సాయంత్రం టీవీల్లో నీళ్ల గొడవ. పై రాష్ట్రం ఇంత వాడుకుంది, కింది రాష్ట్రానికి ఇంతే వదిలింది, ఈ గేటు ఎవరిది, ఆ గేటు ఎవరిది. ఒకరోజు బడి వదిలాక పుట్టింటికి వెళ్తే అన్నయ్య టీవీ ముందు కుర్చీలో కూర్చుని ఊగిపోతున్నాడు.

"పైనున్నామని ఆపేసుకుంటారా? అన్నేయం కాదామ్మా ఇది? కిందోళ్లు మనుషులు కాదా? నదేమన్నా వీళ్ల తాత తవ్వించాడా?"

"బాగా చెప్పావు అన్నయ్యా" అన్నాను. మనస్ఫూర్తిగానే అన్నాను.

సరిగ్గా ఆ రోజుల్లోనే తొమ్మిదో తరగతికి నదుల పాఠం చెబుతున్నాను. ఊళ్లో అందరి నోటా నీళ్ల మాటే కాబట్టి పుస్తకం పక్కన పెట్టి బోర్డు మీద డాన్యూబ్ నది గీశాను. ఆ నది పది దేశాలు దాటి సముద్రంలో కలుస్తుందని చెప్పాను. పది దేశాలు, పది రకాల జెండాలు, ఒకదానితో ఒకటి యుద్ధాలు చేసుకున్నవి కూడా అందులో ఉన్నాయి. నీళ్లు మాత్రం ఒకటే. "మరి పైనున్న దేశం నీళ్లు ఆపేస్తే కిందున్న దేశం ఏం చెయ్యాలి?" అని అడిగాను.

"యుద్ధం చెయ్యాలి టీచర్" అని ఒకళ్లు. "బతిమాలాలి టీచర్" అని ఇంకొకళ్లు. వెనక బెంచీ నుంచి పై ఊరి అమ్మాయి ఒకతె లేచి, "పై దేశం అమ్మాయిని కోడలిగా చేసుకోవాలి టీచర్" అంది. క్లాసంతా గొల్లుమంది. నేనూ నవ్వాను. ఎందుకు నవ్వానో మరి. ఆ పిల్ల తమాషాకి అనలేదు, వాళ్ల ఊళ్లో, మా ఊళ్లో కళ్ల ముందు జరుగుతున్నదే చెప్పింది.

కాలువ వదిలారు. మంచినీళ్ల చెరువులకి మాత్రమే, పంటలకి వాడకూడదని చాటింపు వేశారు. మేం ఎప్పటిలాగే బిందెలు తోముకుని, ఉన్నంతలో మంచి చీరలు కట్టుకుని బయల్దేరాం. అన్నదమ్ములు బిందెలు నింపారు. పసుపు, కుంకుమ, రవిక గుడ్డలు, మల్లెపూలు. ఎవరో ఫోన్లో ఫోటో కూడా తీశారు. అన్నయ్య హ్యాండిల్ తిప్పాడు, పలక ఒక జానెడు లేచింది. నీళ్లు దూకాయి. మేం సంబరంగా ఇళ్లకి వచ్చాం.

పొద్దున్నే చెరువు దగ్గరికి వెళ్లిన మా ఆయన కాళ్లు కూడా తడవకుండా తిరిగొచ్చాడు. "నీళ్లు రాలేదు" అన్నాడు. ఆయన ఎప్పుడూ అంతకన్నా పొడుగ్గా మాట్లాడడు. చెరువు అడుగున కాస్త బురద, పక్కన కొంగలు. కాలువ అడుగు తడిసింది అంతే.

బడికి వెళ్తూ దారిలో షట్టరు దగ్గర స్కూటీ ఆపాను. పలక నేలకి కరుచుకుని ఉంది. పైన నీళ్లు నిండుగా, నింపాదిగా నిలబడి ఉన్నాయి. గట్టు పొడుగునా డీజిల్ ఇంజన్లు పెట్టి మిరప చేలకి తోడుతున్నారు. ఆ ఏడు ఎండుమిర్చికి గుంటూరు యార్డులో మంచి ధర పలుకుతోంది. ఇంకో తడి పెడితే ఇంకో కోత వస్తుంది. అంతా అర్థమైంది. మేం వెనక్కి తిరగ్గానే షట్టరు దించేశారు.

బడికి సెలవు చెప్పి నేరుగా పుట్టింటికి వెళ్లాను. అన్నయ్య వసారాలో ఇడ్లీ తింటున్నాడు. హ్యాండిల్ మూలన దాని చోట అది ఉంది.

"రామ్మా రా, టిఫిన్ చేద్దువు గాని" అన్నాడు.

"షట్టరెందుకు దించారు?"

"అట్టా వచ్చీ రాగానే... కూర్చో ముందు."

"ఎందుకు దించారు అన్నయ్యా?"

చెయ్యి కడుక్కుంటూ చెప్పాడు. "ఆఖరి కోతమ్మా. చేలన్నీ ఎండుతున్నాయి. ఇంకొన్ని రోజులు ఓపిక పడితే మిగిలింది వదుల్తాం."

"అవి పంటలకి వదిలిన నీళ్లు కావు. తాగడానికి వదిలినవి. మా వంతువి."

అప్పుడు అన్నాడు ఆ మాట. కోపంగా కాదు, ఎంతో ముద్దుగా అన్నాడు. అందుకే ఇప్పటికీ మర్చిపోలేను. "మీ వంతేందమ్మా? మన నాన్న ఏం జెప్పాడు? ఆడపిల్లలకి ఇద్దామన్నాడు. మీ బిందెలు నింపాం గదా. ఎవురికన్నా లోటు చేశామా?"

ఈయనేనా టీవీ ముందు ఊగిపోయింది! కిందోళ్లు మనుషులు కాదా అని అరిచిన మనిషి, తన కిందున్న ఊరిని బిందెలతో కొలిచేశాడు.

"నీ సంగతి నాకొదిలెయ్" అన్నాడు మళ్లీ. "పాపకి కొత్త పళ్లొచ్చే వయసు, నాకు తెలవదా? మీ ఇంటికి రోజూ క్యాన్ నీళ్లు నేను పంపిస్తా. అత్తయ్యకీ, నీకూ, పాపకీ ఏ ఇబ్బందీ రానియ్యను. నా చెల్లెలు ఆ బోరు నీళ్లు తాగితే నేను చూస్తా ఊరుకుంటానా?"

నా కూతురికి అప్పుడే పాలపళ్లు ఊడుతున్నాయి. ముందు పన్ను ఊడిన బోసినోటితో ఇల్లంతా తిరుగుతోంది. ఆ ఖాళీలో రాబోయే పన్ను ఎలా వస్తుందో అని నేను రోజూ దాని చిగుళ్లు చూస్తున్న మాట నిజం. ఒక్క క్షణం, దాచుకోవడం ఎందుకు, ఆ క్యాన్లు నా కళ్ల ముందు కదిలాయి. తర్వాత మా వీధిలో మిగతా పిల్లలంతా కదిలారు. నా పిల్ల ఒక్కతీ తెల్లగా నవ్వుతూ, మిగతా వాళ్లు చేతులు అడ్డం పెట్టుకుని నవ్వుతూ. ఆ క్లాసు ముందు నిలబడి నేనేం పాఠం చెప్పను?

"నాకేం వద్దు" అన్నాను. "చెరువు నింపండి."

"మొండితనం పోలా నీకు" అని నవ్వాడు. వదిన మంచినీళ్ల గ్లాసు తెచ్చింది. పుట్టింట్లో మంచినీళ్లు కూడా తాగకుండా లేచి వచ్చేశాను. అలా రావడం అదే మొదటిసారి.

ఇంటికొచ్చి అత్తయ్యతో చెప్పాను. ఆమె మంచం మీద కూర్చుని పత్తి తీస్తోంది. అంతా విని, పత్తి గుల్ల పక్కన పడేసి నా వైపు చూసింది. "తప్పు మీ అన్నదే అనుకుంటన్నావా? మనూరిది గూడా. మగాళ్లంతా గుమ్మాల్లో కూర్చుని నీళ్లు తెమ్మని కోడళ్లని పంపిచ్చిన ఊరమ్మా మనది. కర్రలు దించినప్పుడే మా వంతెంత అని అడగాల్సింది. అడగలా. మర్యాదగా నీళ్లొస్తన్నాయి గదా అని ఊరుకున్నారు. మర్యాదకి ఇచ్చినోళ్లు మర్యాదగానే మానేశారు."

అదండీ మేం చేసిన పొరపాటు. నోరు తెరిచి అడగాల్సిన వాటాని చుట్టరికం కింద పుచ్చుకున్నాం. పుచ్చుకున్నందుకు మురిసిపోయాం కూడా. డాన్యూబ్ ఒడ్డున ఉన్న ఆ దేశాలు ఒకదాన్నొకటి అక్కా బావా అని పిలుచుకోవు. అందుకే కలిసి కూర్చుని ఎవరి వాటా ఎంతో, ఎవరేం చెయ్యకూడదో మాట్లాడుకుని తీరాల్సి వచ్చింది. మాకు ఆ అవసరం లేకుండా పోయింది. మాకు అన్నదమ్ములున్నారు మరి!

పరుపుల అక్క దగ్గరికి వెళ్లాను. ఆమె అప్పటికే రగిలిపోతోంది. ఆమె తమ్ముడి ఇంజనే గట్టు మీద అన్నింటికన్నా ముందుందట. "వాడి ముక్కు చీమిడి తుడిచి పెంచిందాన్ని నేను" అని సూది దిండులో గుచ్చి లేచింది. మిగతా ఆడపడుచుల్ని పిలిచాం. కొందరు భయపడ్డారు. పుట్టిల్లు పోతుందని ఒకతె ఏడ్చింది. నాకూ భయంగానే ఉంది. అమ్మా నాన్నా పోయాక ఆ ఇంట్లో నాకు మిగిలింది అన్నయ్య ఒక్కడే. అయినా చెప్పాను. "రేపు అందరం బిందెలతో వెళ్దాం. నింపుకోవడానికి కాదు."

"ఏం చేద్దామని?" అంది పరుపుల అక్క.

"వాళ్లు పోసింది వాళ్లకే పోద్దాం."

మర్నాడు పొద్దున్నే బయల్దేరాం. ఎవరూ మంచి చీరలు కట్టుకోలేదు. అన్నదమ్ములు నింపిన నీళ్లు బిందెల్లో అలాగే ఉన్నాయి. చాలామందిమి ఆ నీళ్లు వాడుకోం, దేవుడి దగ్గర పెట్టి తర్వాత చెట్లకి పోస్తాం. నిండు బిందె పుట్టింటి వైపు మోసుకెళ్లడం ఎవరైనా చూశారా? గట్టు మీద ఇంజన్ల దగ్గరున్న వాళ్లు చూశారు. ఒక్కొక్క ఇంజనూ ఆగింది, వింత చూడ్డానికి.

షట్టరు పై వైపున, నిలబడి ఉన్న నీళ్లలోకి, ముందు నేను నా బిందె వంచాను. బుడబుడమంటూ నీళ్లు కాలువలో కలిసిపోయాయి. తర్వాత పరుపుల అక్క. తర్వాత మిగతావాళ్లు. బిందెలన్నీ సిమెంటు దిమ్మె మీద వరసగా బోర్లించాం. మా వైపు బిందె బోర్లించడమంటే ఎంత మాటో తెలిసిన వాళ్లకి తెలుసు. ఆ ఇంటితో మాకు ఇచ్చిపుచ్చుకోవడాలు లేవని. రవిక గుడ్డలు తీసి షట్టరు కడ్డీకి కట్టేశాం. ఎర్రవీ, పచ్చవీ, ఆ మరచుట్ల మీద గాలికి కొట్టుకుంటూ. ఇక హ్యాండిల్ పెట్టాలంటే ముందు వాటిని విప్పాలి. దిమ్మె మీద కూర్చున్నాం.

అన్నయ్య బండి మీద వచ్చాడు. వెనక మరికొందరు. బిందెలు చూసి ఆగిపోయాడు. నేను బాగా ఎరిగిన ఆ మొహం పాలిపోయింది. నాన్న పోయిన రోజు కూడా అలాగే అయింది.

"ఇదేందమ్మా? పుట్టింటోళ్ల మొహాన చేసే పనేనా ఇది?"

"మా ఊరి మొహాన షట్టరు దించింది ఎవరు?"

"నీకు క్యాన్లు పంపిస్తానన్నా గదా!"

"మా ఊళ్లో నేనొక్కదాన్నే ఉన్నానా అన్నయ్యా? నువ్వు నాకు చీర పెట్టు, సారె పెట్టు, పెట్టకపో, నీ ఇష్టం. చెరువు నీళ్లు నువ్వు పెట్టే సారె కాదు. అవి మా వాటా. వాటాని ఎవరూ దానం చెయ్యలేరు."

"ఆడపిల్లవి, అన్నని అట్టాగేనా నిలదీసేది?" అని వెనక నుంచి ఎవరో అన్నారు. నేను చటుక్కున లేచాను. "ఆడపిల్లలకే ఇస్తామని అన్నారు కదా, మరి నిలదీసేదీ ఆడపిల్లలే. మొగాళ్లు కావాలంటే కర్రలు తెస్తారు, పిలవమంటారా?"

ఆ అన్నవాళ్లు వెనక్కి తగ్గారు. కానీ షట్టరు లేవలేదు. మధ్యాహ్నం ఎండ నెత్తి మాడుస్తున్నా మేం కదల్లేదు. వాళ్లు చెట్ల నీడన కూర్చున్నారు. గౌరవం పోతుందని బాధపడుతున్నారు, చేలు ఎండుతాయని భయపడుతున్నారు. రెండిట్లో భయమే గట్టిదని నాకు తెలుస్తూనే ఉంది. ఆడపడుచుల కోపానికి కళ్లనీళ్లు పెట్టుకుంటారు గానీ తడి పెట్టడం మానరు.

అప్పుడు పరుపుల అక్క లేచి చీర కుచ్చిళ్లు దులుపుకుంది. తమ్ముడి వైపు తిరిగి మామూలుగా, కూర ఏం వండావురా అన్నంత మామూలుగా అంది. "ఒరేయ్, తడి పెట్టుకో. కాయ బాగా పండుద్ది. కోసేదెవురు?"

అతను తలెత్తాడు.

"మా ముఠా రాదు. నేను పిలవను. మా ఊరి నుంచి ఒక్క మనిషి మీ చేలో అడుగు పెట్టదు. మీరూ, మీ పెళ్లాలూ కోసుకోండి. ఎర్రటి ఎండలో, ఆ ఘాటులో, చేతులు మండతా కోసుకోండి. కాయ చెట్టునే తాలైపోయిందాకా చూస్తా కూర్చుంటాం మేము."

నేను ఎన్నో ఏళ్లుగా సోషల్ చెబుతున్నాను గానీ ఈ సంగతి నాకు తట్టలేదు. నీళ్లు పై నుంచి కిందికే వస్తాయని అనుకున్నాను, కింది నుంచి పైకి రోజూ పొద్దున్నే ఆటోలు నిండా ఆడవాళ్లు వెళ్తారని మర్చిపోయాను. వాళ్లకి మేం ఎంత అవసరమో వాళ్లూ మర్చిపోయారు, మేమూ మర్చిపోయాం.

చెట్ల నీడన గుసగుసలు మొదలయ్యాయి. కాసేపటికి అన్నయ్య వచ్చి, "సరే, ఎత్తుతాం. ఇంక లేవండి" అన్నాడు. చేతిలో హ్యాండిల్. ఆడపడుచులు కొందరు లేవబోయారు.

"కూర్చోండి" అన్నాను నేను. "ఎత్తుతారు సరే. మేం ఇల్లు చేరేలోపు మళ్లీ దించరని ఏంటి? ఈ షట్టరుకి గొలుసు వెయ్యాలి. గొలుసుకి రెండు తాళాలు. ఒకటి మీది, ఒకటి మాది. రెండూ తీస్తేనే పలక లేవాలి, రెండూ తీస్తేనే దిగాలి. మంచినీళ్లకి వదిలినప్పుడు ముందు చెరువు, తర్వాతే చేలు."

అన్నయ్య మొహం కందిపోయింది. "అంటే మా మీద నమ్మకం లేదా నీకు?"

నాకు దుఃఖం వచ్చింది. అయినా దిగిరాలేదు. "నీ మీద ప్రేమ ఉంది. దాన్ని నమ్ముకునే ఇన్నాళ్లూ మా పిల్లల పళ్లు పాడు చేసుకున్నాం. ప్రేమ అట్టాగే ఉండనీ, తాళం కూడా ఉండనీ."

రెండు ఊళ్ల పెద్దల్నీ పిలిపించారు. గుమ్మాల్లో కూర్చున్న మా మగాళ్లు ఆ రోజు మొదటిసారి షట్టరు దాకా వచ్చారు. లస్కరునీ పిలిపించారు, ఆయన ముందే మాట ఖాయం చేసుకున్నారు. అరుపులయ్యాయి, వేళ్లు చూపించుకున్నారు, కర్రలు మాత్రం రాలేదు. దర్శి వెళ్లి ఎవరో గొలుసు, తాళాలు కొనుక్కొచ్చారు. పొద్దు వాలకముందే పలక లేచింది. పరుపుల అక్క ముఠా మర్నాడే కోతకి వెళ్లింది. మా తాళం చెవి ఎవరి దగ్గర ఉండాలని ఊళ్లో అడిగితే, మగాళ్లంతా ఒకరి మొహాలు ఒకరు చూసుకున్నారు. నేనే చెయ్యి చాపి తీసుకున్నాను.

చెరువు నిండింది. కానీ ఆ ఏడాది మా అన్నయ్య నాతో మాట్లాడలేదు. రాఖీకి వెళ్తే ఇంట్లో లేడన్నారు. చెప్పులు గుమ్మం ముందే ఉన్నాయి. రాఖీ వదిన చేతిలో పెట్టి వచ్చేశాను. దారిలో స్కూటీ ఆపి ఏడ్చాను కూడా. ఏడ్చినంత మాత్రాన తాళం తిరిగి ఇచ్చేస్తానా? ఇవ్వను. ఆ మాట అప్పుడే, ఆ గట్టు మీదే, కళ్లు తుడుచుకుంటూ నాకు నేనే గట్టిగా చెప్పుకున్నాను. మా అమ్మాయికి ఈలోగా ముందు పన్ను మొలిచింది. వెలుతురు వైపు తిప్పి చూశాను. తెల్లగానే ఉంది. ఒక్క ఏడు నీళ్లతో అంతా తేలదని తెలుసు, అయినా ఆ రోజంతా దాన్ని నవ్వించి నవ్వించి చూసుకున్నాను.

మళ్లీ వేసవి వచ్చింది. కాలువ వదిలారు. పొద్దున్నే ఫోన్ మోగింది. అన్నయ్య.

"తాళం చెవి తీసుకుని రా" అన్నాడు. అంతే. పెట్టేశాడు.

ఆ మాట నాకెంత తియ్యగా వినిపించిందో చెప్పలేను. అంతకుముందు ఎప్పుడూ ఆయన నన్ను బిందె తీసుకుని రమ్మన్నాడు గానీ తాళం చెవి తెమ్మనలేదు. మేమందరం వెళ్లాం. బిందెలు కూడా పట్టుకెళ్లాం. అన్నదమ్ములు అలవాటు కొద్దీ పంచెలు ఎగ్గట్టి పై వైపు నీళ్లలో దిగి, చేతులు చాపారు బిందెల కోసం.

"ముందు షట్టరు" అన్నాను.

నా తాళం నేను తీశాను. అన్నయ్య తన తాళం తీశాడు. గొలుసు జారింది. హ్యాండిల్ తిప్పుతుంటే పలక మూలుగుతూ లేచింది. నీళ్లు ఎర్రగా, నురగలు కక్కుకుంటూ మా వైపు దూకాయి. నేను చీర ఎత్తి దోపుకుని, షట్టరు కింది వైపు, మా ఊరి వైపు మెట్లు దిగాను. బిందె నేనే ముంచుకున్నాను. పరుపుల అక్క నా పక్కనే ముంచుకుంది. పైనున్న మగాళ్లు ఖాళీ చేతులతో చూస్తూ నిలబడ్డారు.

గట్టెక్కేసరికి అన్నయ్య ఎదురుగా ఉన్నాడు. చేతిలో రవిక గుడ్డ. ఆకుపచ్చది. ఏడాది తర్వాత నా కళ్లలోకి చూశాడు.

"ఇదన్నా తీసుకుంటావా, ఇది గూడా వద్దా?" అన్నాడు.

బిందె దించకుండానే రెండో చెయ్యి చాపాను. "ఇవ్వు అన్నయ్యా. ఇది నీది, నువ్విస్తే తీసుకుంటాను."